సాక్షి, భోక్త, కెమెరా

ఒకే వృక్షముపై నివసించు రెండు పక్షుల ప్రసక్తి ముండకోపనిషత్తునందు గలదు. ఒకటి ఫలమును తినును, రెండవది తినక చూచుచుండును. ఆ తినెడి పక్షిని భోక్త యనియు, చూచెడి పక్షిని సాక్షి యనియు మన వేదాంతులు చెప్పిరి. నిత్యజీవనమును చిత్రించుటకై కెమెరా చేబూని యొక యూర నిలిచిన చిత్రకారుడు ఈ రెండింటిలో ఏ పక్షి యను సందేహము, శ్రీకాకుళము జిల్లాలోని ఉద్దానమును దలచినప్పుడెల్ల నాకు గలుగుచుండును.

ఉద్దానమునకు కెమెరాలు రాకపోలేదు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస చెంత తీరము దాటి కొబ్బరి చెట్లను, జీడితోటలను నేలగూల్చినప్పుడు వచ్చినవి. మూత్రపిండముల వ్యాధి ఊళ్లకూళ్లను పీడించుచున్నదని లోకమునకు దెలిసినప్పుడును వచ్చినవి. వానివలన మేలు జరుగలేదని నేననను. 2023లో పలాసయందు కిడ్నీ పరిశోధన కేంద్రము వెలసినది గదా. కాని దుఃఖమును వెదకుచు వచ్చిన చూపు అది దొరకినంతనే మరలిపోవును. అది తినెడి పక్షి చూపే.

తుపాను లేనినాడు పలాస జీడి కార్ఖానాలో ఒక స్త్రీ, సొన తగిలిన చర్మము పొక్కునన్న యెఱుకతో చేతులు కాచుకొనుచు, కాల్చిన పిక్కను రాతిపై నిలిపి యొక దెబ్బ వేయును. ఆ దెబ్బ రవంత హెచ్చినచో గుండుపప్పు బద్దయగును, వెల తగ్గును. తగ్గినచో పెంకు విడదు. ఆమె మణికట్టునకు దెలిసిన ఆ కొలతను చూడవలెనన్న చాలసేపు కూర్చుండవలెను, ఏమియు జరుగకున్నను కూర్చుండవలెను. 1895లో లూమియేర్ సోదరులు తమ కార్ఖానా వాకిట వెలికి వచ్చు పనివారిని చిత్రించినప్పుడు సినిమా యిట్టి చూపుతోనే పుట్టినది. కథలు పిమ్మట వచ్చినవి. మన తెలుగునాట చిత్రకారుడైన బి. నరసింగరావు, 'దాసి' చిత్రమునకు ముందే, 1987లో 'మా ఊరు' పేర తెలంగాణ పల్లె బ్రదుకును చిత్రించి జాతీయ పురస్కారమందెను. ఉద్దానమునకు అట్టివాడొకడు రావలసియున్నది.

వచ్చెనే యనుకొందము. "ఏటి తీస్తన్నావు బాబూ, ఇందల ఏటున్నాది?" అని ఆమె యడుగక మానదు. వేదాంతుల సాక్షికి ఈ ప్రశ్న యెదురుకాదు. అతడు సర్వమును సమముగ ప్రకాశింపజేయును, ఎక్కడ నిలువవలెనో యెన్నుకొనడు. కెమెరాకు ఎన్నిక తప్పదు, ఎన్నికతో కోరిక తప్పదు. సాంఖ్యుల ప్రకృతి పురుషునిచే చూడబడినంతనే నర్తకివలె తప్పుకొనునందురు. ఈమె తప్పుకొనుటకు వీలులేదు, కూలి పోవును! పురస్కారము మాత్రము ఫలము కాదా? కావున కళాకారుడు రెండవ పక్షి యగుట కల్ల యనియే నా తలంపు. అతడు చేయగలది యొకటి: ఆ చిత్రమును ముందుగ పలాస ప్రక్కనున్న కాశీబుగ్గలో, ఆ స్త్రీల యెదుటనే ప్రదర్శించుట. అప్పుడు చూచెడివారు వారగుదురు. ఎవతె దెబ్బ తప్పినదో, ఎవరి గుండు బద్దయైనదో, మేస్త్రీ లేనప్పటి ముచ్చట్లు ఏల తీయలేదో వారే చెప్పుదురు. ఆ మాటలు విని మరల కత్తెర పట్టుటకు సిద్ధపడువాడు వచ్చినచో పలాసలో వానికి బస చూపుటకు నాకభ్యంతరము లేదు.