మన మాటనూ తూచుకుందాం

బాధపడ్డవాళ్లం కనుక మన మాట ఎవరినీ గాయపరచదనుకుంటాం. నిజమేనా?

అమెరికా నల్లజాతి సామాజిక శాస్త్రవేత్త డబ్ల్యు.ఇ.బి. డుబాయిస్ 1903లో తన జాతి వేదనను ‘ది సోల్స్ ఆఫ్ బ్లాక్ ఫోక్’ పుస్తకంగా రాశారు. నల్ల రైతుల అప్పుల గురించి చెబుతూ అందులో యూదులను తక్కువ చేసే మాటలు వాడారు. 1949లో వార్సా వెళ్లి, నాజీలు నేలమట్టం చేసిన యూదుల వాడను చూశారు. జాతి ద్వేషం ఒక్క రంగుతో ఆగేది కాదని గ్రహించారు. 1953లో, 85 ఏళ్ల వయసులో, ఆ మాటలు మార్చి పుస్తకాన్ని మళ్లీ అచ్చు వేయించారు.

మైదానంవాళ్లు మనల్ని తక్కువ చేసి మాట్లాడితే కోపం తెచ్చుకుంటాం. పక్క తెగను మనం ఎగతాళి చేసే మాటలో? వాటినే మన పిల్లలు బడిలో అంటున్నారు. హక్కుల పోరాటం ఆపనక్కర్లేదు. నోటి మాట దిద్దుకుందాం.