మూకచిత్రమున మృచ్ఛకటికము

శూద్రకుని మృచ్ఛకటికము పది యంకముల ప్రకరణము. పేదవాడైన చారుదత్తునకును గణికయైన వసంతసేనకును గల వలపు అందలి కథ. హాస్యము దాని ప్రాణము. 1931లో మోహన్ భవ్నాని దీనిని మూకచిత్రముగా నిర్మించెను. ఏణాక్షీ రామారావు వసంతసేన పాత్రను ధరించెను. కమలాదేవీ చట్టోపాధ్యాయ, కన్నడ నాటకకర్త టి. పి. కైలాసం కూడ అందు నటించిరి. ఆ యేటనే ‘ఆలం ఆరా’ మాటలాడెను. 1932లో తెలుగు తెరకు, 1934లో కన్నడపు తెరకు మాటలు వచ్చినవి.

మూల నాటకమున చారుదత్తుడు సంస్కృతమును, స్త్రీలు శౌరసేనిని, శకారుడు మాగధీభేదమును పలుకుదురు. ఒకరి నొకరు తెలిసికొనుటకు వారికి దుబాసీ యక్కరలేదు. మూకచిత్రమున ఈ భాషలన్నియు తొలగి, ముఖములును, తెరపై అచ్చువేసిన కొన్ని వాక్యములును మిగిలినవి. భాష తొలగిన భేదము తొలగును గదా, ఇది మేలే యని కొందరనవచ్చును. కాని శకారుడు కుంతిని రావణునితో ముడిపెట్టి పలికినపుడు పుట్టు నవ్వు మాటలోనిది. మాట పోయిన వెనుక మూర్ఖుని ముఖము మిగులునే గాని ఆ నవ్వు మిగులదు.

మౌనము సుగుణమా యను ప్రశ్న కథలోనే కలదు. న్యాయస్థానమున చారుదత్తుడు చెప్పదగిన మాట చెప్పక నిందకు తలయొగ్గెను. అతని మర్యాదయే అతనిని వధ్యస్థానమునకు నడిపించెను. శకారుని దాసుడు స్థావరకుడు మేడపైనుండి దుమికి నిజమును చాటెను. దాసుని మాట యని దానికి విలువ లేకపోయెను. కావున పలుకుట యొక్కటియే చాలదు, ఆలకించువాడును కావలెను.

చిక్కబళ్లాపురము, బాగేపల్లి, చింతామణి ప్రాంతముల తెలుగు కుటుంబములకు ఇది పరాయి కథ కాదు. మన పిల్లలు ఇంట తెలుగును, బడిలో కన్నడమును నేర్చుచున్నారు. తగవు రాకుండుటకు ఇంటి భాషను మెల్లగా విడుచుట మర్యాద యని తలచువారు మనలో కలరు. అది చారుదత్తుని మౌనము వంటిది. దానివలన ఇరుగుపొరుగునకు లాభము లేదు, మన మనుమలకు నష్టము కలదు. కన్నడము మనకేల యనుటయు అంతే తప్పు. అది ఆలకింప నొల్లని న్యాయస్థానము వంటిది. చింతామణి తాలూకా కైవారమున నారాయణ యతీంద్రులు తెలుగునను కన్నడమునను తత్త్వము బోధించిరి. ఆయనకు రెండు భాషలు రెండు పక్షములు కాలేదు.

మన మాట నిలుపుకొనుట మన బాధ్యత. ఎదుటివాని మాట నేర్చి వినుటయు మన బాధ్యతయే. ఈ రెంటిలో ఏది విడిచినను మిగులునది తెరమీది మూకచిత్రమే.