తేల్చెడి అక్షరమేది?

సేతువును గట్టునప్పుడు వానరులు ఱాళ్లపై రామనామము వ్రాసి సముద్రమున వేయగా అవి తేలినవని మన యిండ్లలో పెద్దలు పిల్లలకు చెప్పుచుందురు. వాల్మీకి రామాయణమున నీ వ్రాత ప్రసక్తి లేదు. అందు సేతువును నిర్మించినవాడు విశ్వకర్మ తనయుడైన నలుడు, అనగా శిల్పి. అయినను లోకము శిల్పిని మఱచి అక్షరమును జ్ఞాపకముంచుకొన్నది. గుర్తు గీచినంతనే బరువైన వస్తువు పైకి లేచునట్టి కల్పితలోకములు ఇతర దేశముల కథలందును గలవు. కథగా విన్నప్పుడు ఇది ముచ్చటయే. అట్టి గుర్తును నమ్మి బ్రతుకును నడపుకొనవచ్చునా యనునదే మన విచారణ.

తేలెడి ఱాయి కథలోనిదైనను, తేలెడి ఇటుక మన దేశముననే కలదు. పాలంపేటలో 1213లో రేచర్ల రుద్రుడు కట్టించిన రామప్ప దేవాలయపు శిఖరమునకు వాడిన ఇటుక ముక్కను నీట వేసినచో మునుగదు. దానియందలి సూక్ష్మరంధ్రములలో గాలి నిండియుండుటచే అది తనంత పరిమాణము గల నీటికంటె తేలికయైనది. దానికి బీజాక్షరముతో పని లేకపోయెను. మట్టిని గుల్లగా కాల్చుట నెఱిగిన పనివాని చేయి చాలెను.

గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు సీమలలో ఈ సత్యమును పుస్తకము లేకయే బోధించు వస్తువొకటి కలదు. అది పుట్టి. వెదురుబద్దలను గంపవలె అల్లి, వెలుపల పూర్వము తోలును, పిమ్మట తారు పూసిన పట్టాను కప్పి, దానిలో కృష్ణను దాటుట అచ్చటి వారికి తరముల అలవాటు. నాలుగు ప్రక్కల కృష్ణయే యైన గుఱ్ఱంగడ్డ వంటి లంకగ్రామమున సంతకైనను, వైద్యునికొఱకైనను ఏటిని దాటవలసినదే. వ్యాసము రెండున్నర మీటర్లు గల పుట్టి యొకటి నిలువైన అంచుతో నున్నదనుకొందము. అది ఒక సెంటీమీటరు దిగుటకు ఇంచుమించు 49 కిలోల బరువు చాలును. అనగా ఎక్కిన ప్రతి మనుష్యుడును నీటిని ఒక సెంటీమీటరు, అంతకించుక ఎక్కువ, అంచునకు దగ్గఱ చేయుచున్నాడు. పుట్టికి పసుపు కుంకుమలు పెట్టినను, ఎక్కినవారి దండలకు తాయెత్తులున్నను ఈ లెక్క మాఱదు.

ఇచ్చట నొక ఆక్షేపణ కలదు. దిక్కులేనివాడు ధైర్యముకొఱకు కట్టుకొన్న తాయెత్తును పరిహసించుట సంస్కారమగునా? కాదు. 2007 జనవరిలో కొల్లాపురము వైపున మంచాలకట్ట రేవునకును ఆవలి నెహ్రూనగరునకును నడుమ కృష్ణలో పడవ మునిగి పదులకొలది జనులు మృతినొందిరి. అట్టివారి యింటి ముందు నిలిచి మూఢవిశ్వాసమును గూర్చి ఉపన్యసించువాడు కఠినాత్ముడు. వంతెన లేనిచోట ఎక్కక తప్పనివాని దోషమేమి? దోషము భయపడువానియందు లేదు. ఆ భయము నాసరాగొని తన కర్తవ్యమును తప్పించుకొనువానియందు కలదు. అంచునకు కుంకుమ పెట్టి, ఆ ధైర్యముతో మఱి ఐదుగురిని ఎక్కించుకొను యజమానియు, నడుమునకు కట్టుకొను తేలుపట్టీల నీయక టెంకాయ కొట్టి పంపు అధికారియు చేయుచున్న పని ఇదియే.

అయినచో గీచిన గుర్తునకు వస్తువును తేల్చు శక్తి ఎన్నడును లేదా? ఒకచో కలదు. ఇంగ్లండున అతిభారముతో ఓడలు మునిగి నావికులు చచ్చుచుండగా, పార్లమెంటు సభ్యుడైన శామ్యూల్ ప్లింసాల్ పట్టుబట్టి పోరాడెను. 1876లో ప్రతి సరకుల ఓడ ప్రక్కను ఒక గుర్తు వేయవలెనని శాసనమయ్యెను. వలయము, దాని నడుమ అడ్డగీత: చూచుటకు మన యంత్రములవలెనే యుండును. ఆ గీత నీటిలోనికి దిగునంతగా సరకు నింపరాదు. కాని ఆ గీతను ఎచ్చట వేయవలెనో నిర్ణయించు స్వేచ్ఛ ఓడ యజమానికే యుండెను. ఒక యజమాని దానిని పొగగొట్టముపై వేయించెనని చెప్పుదురు! అచ్చట వేసిన గీత వట్టి తాయెత్తు. 1890లో గీత స్థానమును సయితము చట్టమే నిర్ణయించిన పిమ్మట అది నిజముగా ఓడలను తేల్చు అక్షరమయ్యెను. రంగు అదియే, ఆకారము అదియే. ముందు అది యజమానిని కట్టివేయలేదు, తరువాత కట్టివేసినది.

కావున మన గృహములలో గోడపైనను, ద్వారముపైనను, బిడ్డ మెడలోనను ఒక గుర్తును ఉంచునప్పుడు అడుగవలసిన ప్రశ్న ఒకటి కలదు: ఈ గుర్తు నన్ను దేనికి బద్ధుని చేయుచున్నది? బిడ్డ మెడలో రక్షరేకు కట్టిన తల్లి, నిండిన పడవను విడిచి తరువాతి పడవకై వేచియుండినచో ఆ రేకు ఆమె శ్రద్ధకు గుర్తే. రేకు నున్నదిగదా యని నిండిన పడవ నెక్కినచో అదియే అపాయహేతువు. మన రేవులందలి ప్రతి పుట్టికిని, ప్రతి పడవకును ఒక తెల్లని గీత గీయింతము. అది నీట మునిగిన క్షణమున, ఎక్కినవాడు మన బంధువైనను, ఊరి పెద్దయైనను, దిగుమని చెప్పుటకు మొగమోట పడకుందము.