పిడుగుకు పాపం అంటదు



ఇల్లు కాలింది. ఇల్లు కాల్చారు. ఈ రెండు మాటల మధ్య ఎంత దూరమున్నదో మనకు ఎవరూ పాఠం చెప్పనక్కరలేదు. ఊళ్లో కొట్లాట జరిగి రచ్చబండ దగ్గర పెద్దమనుషులు కూర్చున్నప్పుడు గమనించండి. నిప్పు పెట్టినవాడి తరఫు మనిషి "ఇల్లు కాలింది" అంటాడు. బూడిదలో నిలబడ్డవాడు "కాల్చారు" అంటాడు. మన భాషలో ఇటువంటి జంటలు చాలా ఉన్నాయి. కూలింది, కూల్చారు. విరిగింది, విరిచారు. చచ్చాడు, చంపారు. మొదటి మాటలో పని కనబడుతుంది గాని చేసిన చేతులు కనబడవు.

ఈ వారం మీతో ముచ్చటించదలచినది సైన్యాలు తమ దాడులకు పెట్టుకునే రహస్య నామాల గురించి. అందులోనూ చలికాలం, మంచు, ఉరుము, తుపాను అనే పేర్ల గురించి. వేలమంది ప్రాణాలు పోయేచోట పేరు గురించి తగవెందుకు అని మీరడగవచ్చు. నిజమే, పేరు ఎవరినీ చంపదు. కాని చంపిన తరువాత మనం ఏమని చెప్పుకోవాలో అది ముందుగానే నేర్పిపెడుతుంది.

1942వ సంవత్సరానికి వెళదాం. నవంబరు 19న సోవియట్ సైన్యాలు స్టాలిన్‌గ్రాడ్ వద్ద ఎదురుదాడి మొదలుపెట్టాయి. 23వ తేదీకల్లా జర్మనీ వారి ఆరవ సైన్యం చుట్టూ ఉచ్చు బిగిసింది. రెండున్నర లక్షల మంది లోపల చిక్కారు. తిండి లేదు, పెట్రోలు లేదు, ఎముకలు కొరికే చలి. వారిని విడిపించే పని ఫీల్డ్ మార్షల్ మాన్‌స్టయిన్‌కు అప్పగించారు. డిసెంబరు 12న జనరల్ హోత్ టాంకులు కోతెల్నికోవో నుండి కదిలాయి. ఆ ప్రయత్నానికి పెట్టిన పేరు 'వింటర్‌గెవిట్టర్'. అంటే చలికాలపు ఉరుముల వాన. నడి చలికాలంలో ఉరుములతో వాన రావడం అరుదు. ప్రకృతి చేయని పని మేము చేసి చూపుతాం అనే బింకం ఆ పేరులో ఉన్నదని నాకు అనిపిస్తుంది.

డిసెంబరు 19న ఆ టాంకులు మిష్కోవా నది చేరాయి. ఉచ్చులో ఉన్నవారికి ఇంకా 50 కిలోమీటర్ల దూరం. ఇక లోపలివారు కూడా బయటికి దూసుకురావాలి. దానికి వేరే సంకేతం పెట్టుకున్నారు: 'డోనర్‌ష్లాగ్', పిడుగుపాటు. ఆ మాట ఒకటి రేడియోలో వినబడితే స్టాలిన్‌గ్రాడ్ వదిలి రావచ్చు.

ఆ మాట వినబడలేదు. నగరం వదలడానికి హిట్లర్ ఒప్పుకోలేదు. బయటపడక తప్పదని మాన్‌స్టయిన్‌కు తెలుసు. అయినా పై ఆజ్ఞ లేకుండా ఆ సంకేతం తానుగా పంపలేదు. లోపల ఉన్న సైన్యాధిపతి పౌలుస్, తన టాంకులకు 30 కిలోమీటర్లకు మించి పెట్రోలు లేదన్నాడు. ఆజ్ఞ లేనిదే కదలనన్నాడు. ఈలోగా సోవియట్ సైన్యం మరోచోట ఇటలీ దళాలను చీల్చుకుని వచ్చింది. డిసెంబరు 23న విడిపించే ప్రయత్నం ఆగిపోయింది. తెల్లవారితే క్రీస్తు జయంతి ముందురోజు.

ముగ్గురికీ తలకొక కారణం ఉన్నది. ఒక్కొక్కటి విడిగా చూస్తే కొంత సబబుగానే ఉంటుంది. మూడూ కలిస్తే రెండున్నర లక్షల మంది మంచులో మిగిలిపోయారు. పిడుగు పడాలా వద్దా అని ముగ్గురు మనుషులు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. పేరు మాత్రం ఆకాశానిది. యుద్ధం ముగిసిన తరువాత 1955లో మాన్‌స్టయిన్ తన జ్ఞాపకాలను అచ్చువేయించాడు. తప్పు చాలావరకు హిట్లర్ మీద పెట్టాడు. పుస్తకం పేరు 'పోగొట్టుకున్న విజయాలు'. పోగొట్టుకున్నది విజయాలనట!

1943 జనవరి 31న పౌలుస్ లొంగిపోయాడు. ఫిబ్రవరి 2న మిగిలినవారు. ఖైదీలుగా పట్టుబడిన సుమారు 91,000 మందిలో ఏళ్ల తరువాత ఇల్లు చేరినవారు ఆరు వేలకు లోపే. ఈ లెక్క చదివి మనసు కరిగితే మంచిదే. కాని ఆ సైన్యం అక్కడికి పిలవని పేరంటంగా వెళ్లిందని మరచిపోరాదు. 1942 ఆగస్టు 23న జర్మన్ విమానాలు ఆ నగరంపై బాంబులు కురిపించి వేలాది పౌరులను చంపాయి. చూశారా, "కురిపించి" అన్నాను. ఈ మాట నా కలం నుండి కూడా ఎంత సులభంగా జారిందో!

ఇక్కడ ఒక ఆక్షేపణ ఉన్నది, దానిని దాటవేయరాదు. రహస్య నామం ఉండేది రహస్యం కోసం. శత్రువు విన్నా అర్థం కాకూడదు. ఎక్కడికి, ఎప్పుడు, ఎందుకు అనేది తెలియకూడదు గనుక ఏదో ఒక మాట పెడతారు. అందులో నీతి ఏమిటి, అవినీతి ఏమిటి? ఇది సరైన మాటే. నిఘంటువులో కళ్లు మూసుకుని వేలు పెట్టి తీసిన మాట అయితే నాకు పేచీ లేదు. కాని మనుషులు అలా ఊరుకోరు. పేరు పెట్టే అవకాశం దొరికితే అందులో తమ మనసు పెడతారు. 1943 ఆగస్టులో బ్రిటిష్ ప్రధాని చర్చిల్ ఈ విషయమై తన అధికారులకు ఒక చీటీ రాశాడు. ఎందరో ప్రాణాలు పోయే దాడికి డాంబికమైన పేరు గాని, వెకిలి పేరు గాని పెట్టవద్దన్నాడు. ఒక తల్లి గాని, భార్య గాని తనవాడు ఫలానా దాడిలో పోయాడని చెప్పుకోవలసి వచ్చినప్పుడు ఆ పేరు వారిని నొప్పించకూడదన్నది ఆయన భావం. చర్చిల్ చేసినవన్నీ మనం మెచ్చుకోనక్కరలేదు. బెంగాలు కరువు కూడా అదే 1943లోనిది. అయినా ఈ చీటీలో మంచి కొలబద్ద ఉన్నది. ఆ కొలబద్ద తల్లి చేతిలో ఉన్నది.

దానితో మనకు దగ్గరివారినే మొదట కొలుద్దాం. క్రొయేషియా ప్రజలలో అత్యధికులు కథోలికులు. 1991లో సెర్బు దళాలు అక్కడి అనేక ప్రాంతాల నుండి క్రొయేషియన్లను తరిమివేశాయి. ఆ గాయం చిన్నది కాదు. 1994 నవంబరు 29న క్రొయేషియా సైన్యం బోస్నియాలోని తమవారితో కలిసి లివ్నో లోయలో మంచులో దాడి ప్రారంభించింది. పేరు 'చలికాలం 94'. అది ముగిసింది డిసెంబరు 24న. మరుసటి ఏడాది మే నెలలో 'మెరుపు'. జులైలో 'వేసవి 95'. ఆగస్టులో 'తుపాను'. వరుసగా చదివితే పంచాంగం చదివినట్టున్నది. ఆ తుపానులో లక్షన్నర మందికి పైగా సెర్బులు ట్రాక్టర్ల మీద, కార్ల మీద ఇళ్లు వదిలి పోయారు. కదలలేక మిగిలిపోయిన ముసలివాళ్లలో వందలమంది హతులయ్యారు. ఋతువు మారితే పాత ఆకు రాలుతుంది, ఎవరినీ అడగదు. ఇక్కడ రాలినది ఆకు కాదు, అడగనిది ఋతువు కాదు. నాలుగేళ్ల క్రితం తరిమివేయబడినవారు తిరిగి రావడం న్యాయమే. పక్కింటి ముసలమ్మను చంపడం న్యాయం కాదు. 'తుపాను' అనే ఒక్క మాట ఈ రెండింటినీ కలిపి మూట కట్టింది.

2008 ఫిబ్రవరి చివర గాజా నుండి స్దెరోత్, అష్కెలోన్ పట్టణాలపై రాకెట్లు పడినప్పుడు ఇజ్రాయెల్ సైన్యం గాజాలో దాడి జరిపింది. పేరు 'వేడి చలికాలం'. కొద్ది రోజులలో నూరుమందికి పైగా పాలస్తీనీయులు చనిపోయారు, వారిలో పిల్లలు ఉన్నారు. ఇజ్రాయెల్ సైనికులు ఇద్దరు మరణించారు. అదే ఏడాది డిసెంబరు 27న మొదలైన పెద్ద దాడి పేరు 'పోతపోసిన సీసం'. అది వినడానికి తుపాకీ గుండులా ఉన్నది గాని, నిజానికి చలికాలంలో యూదులు జరుపుకునే హనుక్కా పండుగకు కవి బియాలిక్ పిల్లల కోసం రాసిన గేయం నుండి తీసినది. అందులోని సీసం ఒక బొంగరం. మూడు వారాలలో వెయ్యిమందికి పైగా పాలస్తీనీయులు, పదమూడుగురు ఇజ్రాయెలీయులు ప్రాణాలు కోల్పోయారు. ఏ పక్షం తల్లినైనా నిలబెట్టి ఆ పేరు పలకమనండి.

మన కోస్తావారికి ఇందులో ఒక వింత తోచాలి. 1977 నవంబరు 19న దివిసీమను ముంచిన ఉప్పెనకు పేరు లేదు. వేలాది మందిని తీసుకుపోయిన ఆ నీటికి పేరు పెట్టాలని ఎవరికీ తోచలేదు. మన సముద్రంలో తుపానులకు పేర్లు పెట్టడం 2004లో మొదలైంది. 2014లో విశాఖను ఊపివేసిన హుద్‌హుద్ ఒక పిట్ట పేరు. 2018లో శ్రీకాకుళాన్ని చెరిచిన తిత్లీ అంటే సీతాకోకచిలుక. మనసు లేని గాలికి ప్రాణమున్న పేరు, మనసున్న మనిషి పనికి ప్రాణంలేని గాలి పేరు! హుద్‌హుద్‌ను ఎవరూ బోనెక్కించలేరు. అందుకే కాబోలు, బోనెక్కకూడదనుకున్నవారికి గాలి అంటే అంత ఇష్టం.

ఇక మన దేశం మాట. చెప్పడానికి కొంచెం జంకుగా ఉన్నది, ఎందుకంటే ఈ పత్రిక చదివే ఇళ్లలో కొడుకును సైన్యానికి పంపినవి ఉన్నాయి. 1984 ఏప్రిల్ 13న మన సైన్యం సియాచిన్ హిమానీనదం ఎత్తులను ఆక్రమించింది. పేరు 'మేఘదూత్'. కాళిదాసు కావ్యంలో యక్షుడు భార్యకు మేఘం చేత కబురు పంపుతాడు. ఆ పేరే ఇది. ఎంత అందమైన పేరు! ఆ తరువాత అక్కడ ఇరువైపులా తుపాకీ గుండుకంటె చలికి, మంచుకొండ విరిగిపడి చనిపోయినవారే ఎక్కువ. 2012 ఏప్రిల్ 7న పాకిస్తాన్ వైపు గయారీ స్థావరం మీద మంచు విరిగిపడి 140 మంది సమాధి అయ్యారు. 2016 ఫిబ్రవరి 3న మన వైపు దాదాపు 19,600 అడుగుల ఎత్తున ఉన్న కాపలా స్థావరంలో మద్రాసు రెజిమెంటు వారు పదిమంది మంచు కింద పడ్డారు. వారిలో కర్నూలు జిల్లా యువకుడు ఒకడు. ఆరు రోజుల తరువాత ఒకరు ప్రాణంతో దొరికితే దేశమంతా ప్రార్థించింది. ఆయన కూడా 11వ తేదీన కన్నుమూశారు.

ఇక్కడ "మంచు చంపింది" అంటే అబద్ధం కాదు. మంచే చంపింది. అయితే మేకపోతు కూడా మేయని ఆ ఎత్తుకు పదిమంది కుర్రవాళ్లు తమంత తామే నడిచి వెళ్లలేదు. మేము దిగితే వాళ్లు ఎక్కుతారని రెండు దేశాల పెద్దలు అనుకుంటున్నారు. ఆ భయం ఉత్తదని అనే ధైర్యం నాకు లేదు. అక్కడ నిలబడ్డ సైనికుని పట్ల నాకున్నది గౌరవమే. అతనిని అక్కడ నిలబెట్టిన నిర్ణయం మాత్రం మేఘం తెచ్చిన కబురు కాదు, మనుషులు బల్ల చుట్టూ కూర్చుని చేసినది. చేసినవారు "ఇది మేము చేశాము, ఈ కారణంతో చేశాము" అని చెప్పగలిగితే అది కర్నూలు తల్లికి కొంతైనా మర్యాద. "మంచు అమ్మా, ఏం చేస్తాం" అంటే అది మర్యాద కాదు.

రెండవ వాటికన్ మహాసభ 1965లో యుద్ధం గురించి మాట్లాడుతూ, గుడ్డిగా ఆజ్ఞ పాటించామనడం ఘోరాలకు సాకు కాదని స్పష్టం చేసింది. పాపసంకీర్తనం చేసే పద్ధతి తెలిసినవారికి ఇది కొత్త కాదు. "తప్పు జరిగిపోయింది స్వామీ" అని మొదలుపెట్టేవారిని గురువులు వింటూనే ఉంటారు. జరగడం ఏమిటి, ఎవరు చేశారు అని నెమ్మదిగా అడగవలసి వస్తుంది. "నేను" అనే మాట దగ్గరకు వచ్చేసరికి గొంతు పట్టేస్తుంది. సైన్యాధిపతికైనా, రైతుకైనా, ఈ వ్యాసం రాసేవాడికైనా అంతే.

స్టాలిన్‌గ్రాడ్ ఉచ్చులో కుర్ట్ రొయిబర్ అనే సైనిక వైద్యుడు ఉండేవాడు. ప్రొటెస్టంట్ సంఘపు పాస్టరు కూడా. చలికాలపు ఉరుముల వాన వెనుదిరిగిపోయిన ఆ క్రిస్మస్‌కు ఆయన తన బంకరులో ఒక రష్యన్ పటం వెనుక బొగ్గుతో బొమ్మ గీశాడు. పెద్ద శాలువా కప్పుకున్న తల్లి, ఆ శాలువాలో ముడుచుకున్న బిడ్డ. పక్కన వెలుగు, జీవము, ప్రేమ అనే మూడు మాటలు. ఉచ్చులో క్రిస్మస్ అని, సంవత్సరం రాశాడు. తోటి సైనికులు లోపలికి వచ్చి ఆ బొమ్మ ముందు మౌనంగా నిలబడ్డారు. గాయపడిన ఒక అధికారి చేతికిచ్చి దానిని విమానంలో ఇంటికి పంపాడు. తాను ఇల్లు చేరలేదు. 1944 జనవరిలో ఖైదీల శిబిరంలో చనిపోయాడు.

ఆ బొమ్మ ఇప్పుడు బెర్లిన్ నగరంలో ఒక దేవాలయంలో ఉన్నది. నకళ్లు రెండు, జర్మన్లు బాంబులు వేసిన కోవెంట్రీలో ఒకటి, నేడు వోల్గోగ్రాడ్ అని పిలువబడే స్టాలిన్‌గ్రాడ్‌లో ఒకటి ఉన్నాయి. అది గీసిన కాగితం దాడి చేయడానికి తీసుకువెళ్లిన పటమే. నలిగిన మడతలు బొమ్మ మీద ఇంకా కనబడుతూనే ఉంటాయి.