తొంభైతొమ్మిదో లెవెల్ ఎవరికి కావాలి?

డయాబ్లో 2 ఆటలో ఏ పాత్రైనా చేరగల ఆఖరి లెవెల్ 99. అక్కడిదాకా పోవాలంటే 352 కోట్ల పైచిలుకు ఎక్స్‌పీరియన్స్ పాయింట్లు కూడబెట్టాలి. 90వ లెవెల్‌కి చేరిన ఆటగాడి ఖాతాలో ఉండేవి సుమారు 162 కోట్లు. అంటే తొంభై లెవెళ్లు ఎక్కినవాడు సగం దారి కూడా రాలేదన్నమాట. లెక్క అంతటితో ఆగదు. 2003లో వచ్చిన 1.10 ప్యాచ్ (ఆట నియమాల సవరణ) నుంచి, 70వ లెవెల్ దగ్గర మొదలుపెట్టి దక్కే పాయింట్లలో కోత పడుతుంది. 80 దగ్గర సగానికి పైగా పోతుంది. 90 దగ్గర నూటికి ఆరు మిగులుతాయి. 98 దగ్గర నూటికి ఒక్కటి కూడా చేతికి రాదు. ఈ కోతను కలిపి చూస్తే 90 నుంచి 91కి పోవడానికి సుమారు 245 కోట్ల పాయింట్ల విలువైన రాక్షసులను చంపాలి. 98 నుంచి 99కి అదే 4,967 కోట్లు. ఇరవై రెట్లు! ఇంత చాకిరీకి కూలి ఎంత అంటే, లెవెల్‌కి ఒక స్కిల్ పాయింటు, ఐదు స్టాట్ పాయింట్లు. క్వెస్టుల్లో ఇచ్చేవీ కలుపుకుంటే ఒక పాత్రకు మొత్తం మీద దక్కే స్కిల్ పాయింట్లు 110. వాటిలో 90 తర్వాత వచ్చేవి తొమ్మిది. ఈ అంకెల ముందు కూర్చుని ‘తొందరగా లెవెల్ పెంచుకోవడం ఎలా’ అని అడగడం తొందరపాటే. ఎందాకా పెంచుకోవాలి, దేనికోసం అన్నది తేలకుండా పొదుపైన దారి ఏదో చెప్పడం ఎవరి తరమూ కాదు. ఈ ఆటలో ప్రణాళికకు విలువ ఉన్నది లెవెల్ పెరిగితే ఆట తీరు మారే దశలోనేనని నా వాదన. ఆ దశ చాలామంది అనుకునేదానికంటే చాలా ముందే ముగుస్తుంది.

ఈ పాయింట్ల పద్ధతికి మూలపురుషులు 1974లో డంజన్స్ అండ్ డ్రాగన్స్ ఆటను తెచ్చిన గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్. ఆ తొలి ఆటలో పాయింట్లలో పెద్ద వాటా రాక్షసులను చంపినందుకు వచ్చేది కాదు. నేలమాళిగలోంచి బయటికి మోసుకొచ్చిన బంగారానికి వచ్చేది, నాణేనికి ఒక పాయింటు చొప్పున. దాంతో తెలివైన ఆటగాడు రాక్షసుడితో తలపడేవాడు కాదు. నిద్రపోతుంటే పక్కనుంచి జారుకునేవాడు, మోసపుచ్చేవాడు, బేరమాడేవాడు. కంప్యూటర్ ఆటల్లోకి వచ్చేసరికి బంగారం లెక్క పోయి చంపిన లెక్క మిగిలింది. ఆటగాళ్ల నడకా మారిపోయింది. దేనికి పాయింటు ఇస్తే దాని చుట్టూనే కాళ్లు తిరుగుతాయి. మన వైకుంఠపాళిలోనూ పైకి ఎక్కడం ఉంది, పుణ్యానికి నిచ్చెన, పాపానికి పాము. అయితే గవ్వలు ఎలా పడితే అలా పోవడమే తప్ప అక్కడ ఆలోచనతో పనిలేదు కాబట్టి, ఎంత సేపు ఆడినా ‘సరైన దారి’ అనే దిగులు ఎవరికీ ఉండదు. ఎంచుకునే వీలు వచ్చిన రోజునే ఆ దిగులూ వచ్చింది.

డయాబ్లో 2లో ఎంచుకునే వీలుకు పదును ఎక్కువ. 2000లో బ్లిజార్డ్ నార్త్ దాన్ని విడుదల చేసినప్పుడు, ఒకసారి పెట్టిన పాయింటును వెనక్కి తీసుకునే మార్గం లేదు. ఒక్కో పాత్రకు ముప్ఫై నైపుణ్యాలు. అవి 1, 6, 12, 18, 24, 30 లెవెళ్ల దగ్గర అంచెలంచెలుగా తెరుచుకుంటాయి. మంత్రగత్తె పాత్రనే తీసుకుందాం. ఆమెకు మొదటి లెవెల్లోనే ఫైర్ బోల్ట్ దొరుకుతుంది, 12 దగ్గర ఫైర్ బాల్, 18 దగ్గర టెలిపోర్ట్, 24 దగ్గర మీటియర్, బ్లిజార్డ్ అనే మంచుతుఫాను. చివరికి మంచుతుఫానుతో ఆడదలచినవాడు మొదట్లో ఫైర్ బోల్ట్‌లో పెట్టిన ప్రతి పాయింటూ నీళ్లలో పోసినట్టే. అందుకని తెలిసినవాళ్లు పాయింట్లు ఖర్చుపెట్టకుండా దాచుకునేవారు. చేతిలో పది పదిహేను పాయింట్లు మూలుగుతుండగా, దిక్కుమాలిన కర్రతో రాక్షసులను కొడుతూ ఇరవై నాలుగో లెవెల్ కోసం పడిగాపులు! ఆట మొదటి భాగమంతా ఆడకుండానే గడిచిపోయేది. ఇది ఆటగాడి పిసినారితనం అనడానికి లేదు. నియమం అలా ఉన్నప్పుడు తెలివి అలాగే నడుస్తుంది. 1.10 ప్యాచ్ దీన్ని కొంత సరిదిద్దింది: కింది మెట్టు నైపుణ్యంలో పెట్టిన పాయింటు పై మెట్టు నైపుణ్యానికి బలమిచ్చేలా సినర్జీలు తెచ్చింది. ఫైర్ బోల్ట్‌లో పెట్టిన పాయింట్లు ఫైర్ బాల్‌కి ఉపయోగపడడం మొదలైంది. 2010లో 1.13 ప్యాచ్ మరో అడుగు వేసి, అకారా అనే పాత్ర ద్వారా ఒక్కో కష్టస్థాయికి ఒకసారి పాయింట్లన్నీ వెనక్కి తీసుకునే అవకాశం ఇచ్చింది.

ఇక్కడ మొదటి అభ్యంతరం వస్తుంది. తప్పు దిద్దుకునే వీలు వచ్చాక ప్రణాళిక ఎందుకు? జరిగింది దానికి తలకిందులు. వెనక్కి తీసుకోవచ్చని తెలిశాక ఆటగాళ్లు ఒకటి కాదు, రెండు ప్రణాళికలు వేయడం నేర్చారు: దారిలో నడవడానికి ఒకటి, చేరుకున్నాక నిలబడడానికి ఒకటి. పాలడిన్ పాత్రతో ఆడేవాడు మొదట్లో హోలీ ఫైర్ మీద ఆధారపడి, 18వ లెవెల్ దాటి బ్లెస్డ్ హ్యామర్ తెరుచుకున్నాక పాయింట్లన్నీ తిప్పి సుత్తుల మీద పెడతాడు. మంత్రగత్తె నిప్పుతో మొదలై మంచుకు మారుతుంది. దాచుకునే రోజులు పోయి, ఉన్నదాన్ని ఉన్నప్పుడే వాడుకునే రోజులు వచ్చాయి. మంచి ప్రణాళిక లక్షణం ఇందులో కనబడుతుంది. అది ఈ రోజును రేపటికి తాకట్టు పెట్టదు. పన్నెండో లెవెల్‌కి పన్నెండో లెవెల్ సుఖం ఉండాలి. వెనక్కి తీసుకునే వీలు లేని కాలంలో వేసిన ప్రణాళికలు కచ్చితమైనవే గాని, వాటిని మంచి ప్రణాళికలని నేను ఒప్పుకోను.

కచ్చితత్వం అవసరమైన చోటూ ఉంది. స్టాట్ పాయింట్ల సంగతి చూడండి. అనుభవం లేనివాడు బలం కొంచెం, చురుకుదనం కొంచెం, ప్రాణశక్తి కొంచెం, మంత్రశక్తి కొంచెం అని అందరికీ ప్రసాదం పంచినట్టు పంచుతాడు. తెలిసినవాడు చివరి నుంచి వెనక్కి లెక్క కడతాడు. మంత్రాలతో ఆడే పాత్రలు చాలావరకు చివరికి చేపట్టే డాలు మోనార్క్. దాంట్లో టాల్, తుల్, ఓర్ట్, ఆమ్న్ అనే రూన్‌లు (మంత్రాక్షరాల రాళ్లు) పొదిగితే స్పిరిట్ అనే మేలైన డాలు అవుతుంది. మోనార్క్ ఎత్తడానికి 156 బలం కావాలి. ధరించే మిగతా వస్తువులు బలాన్ని ఎంత పెంచుతాయో అందులోంచి తీసేస్తే, చేత్తో పెట్టవలసింది తేలుతుంది. ఆ మిగిలిందంతా ప్రాణశక్తికే. ఒక్క వస్తువు నుంచి మొదలైన తర్కం పాత్ర శరీరం మొత్తాన్ని నిర్ణయిస్తుంది. ఇలాంటి లెక్క వేసేటప్పుడు కలిగే ఆనందం కత్తి దూసే ఆనందానికి తీసిపోదు. ఆట ఆపేసి కాగితం మీద లెక్కలు వేసేవాడు ఆటకు దూరమయ్యాడని నవ్వడం తేలిక. నిజానికి వాడు అదే ఆటను ఇంకో గదిలో ఆడుతున్నాడు.

ప్రణాళిక ఆనందాన్ని చంపుతుందన్న ఆరోపణను మాత్రం తేలిగ్గా తోసేయకూడదు. సివిలైజేషన్ 4 రూపకర్త సోరెన్ జాన్సన్ ఒక వ్యాసంలో ఇదే గమనించాడు: సందు దొరికితే చాలు, ఆటగాళ్లు లాభం లెక్క చూసుకుంటూ పోయి ఆటలోని సరదానే తీసిపారేస్తారని. డయాబ్లో 2 అందుకు మంచి సాక్షి. ఎనిమిది మంది ఒకే ఆటలో చేరితే ఒక్కో రాక్షసుడి పాయింట్లు నాలుగున్నర రెట్లు అవుతాయి. దాంతో ఎనిమిది మంది గుంపు కట్టి, ఒకడు ముందుండి ఆట ఆఖరి శత్రువైన బాల్ సింహాసనం గదికి దారి తెరిస్తే, మిగతావాళ్లు మూలన నిలబడి పాయింట్లు ఏరుకోవడం ఆనవాయితీ అయింది. కొత్త పాత్రను కథ మొత్తం పరుగులు పెట్టించి చివరి అంకానికి చేర్చడాన్ని రష్ అంటారు. ట్రిస్ట్రమ్ ఊరు తగలబడిన బూడిద, లుట్ గోలెయిన్ ఎడారి, కురాస్ట్ అడవి, అన్నీ కిటికీలోంచి చూసిన స్టేషన్లలా వెనక్కి పోతాయి. ఇది ఆనందాన్ని చంపడమే, కాదనను. చంపింది ఆలోచన మాత్రం కాదు. మూలన నిలబడినవాడు ఏమీ ఆలోచించడం లేదు. ఎవరో కట్టిన లెక్కను అప్పు తెచ్చుకున్నాడు, ఎవరో చంపిన రాక్షసుల పాయింట్లు అందుకున్నాడు. సి. థి న్గుయెన్ అనే తత్వవేత్త 2020లో ఆటల మీద రాసిన పుస్తకంలో, గెలుపు కోసమే ఆడడాన్నీ, పోరాటం రుచి కోసం గెలుపును కోరుకోవడాన్నీ వేరుచేసి చూపిస్తాడు. రష్‌లో రెండూ లేవు. అంకె పెరిగింది, అంతే.

పొదుపు లెక్కలు తరచూ విస్మరించే మరో సంగతి చావు. గంటకు ఎన్ని పాయింట్లు అన్నదే కొలమానం అయితే, ప్రమాదకరమైన చోట వేగంగా పోవడమే సరైనదిగా తోస్తుంది. అన్నిటికంటే కష్టమైన హెల్ స్థాయిలో చస్తే ఆ లెవెల్‌కి కావలసిన పాయింట్లలో నూటికి పది పోతాయి; శవం దగ్గరికి తిరిగి చేరుకోగలిగితే పోయినదాంట్లో ముప్పాతిక వెనక్కి వస్తుంది. 95 దాటిన పాత్రకు ఆ పది శాతం కూడబెట్టడానికి రోజులు పట్టవచ్చు. కాబట్టి గంటకు ఎక్కువ ఇచ్చే దారి నెలకు తక్కువ ఇచ్చే దారి కావచ్చు. ఇక హార్డ్‌కోర్ పద్ధతిలో ఒక్కసారి చస్తే పాత్ర శాశ్వతంగా పోయినట్టే. అక్కడ ప్రాణశక్తిలో పెట్టే పాయింటు పిరికితనం అనిపించుకోదు.

అన్నిటికంటే గట్టి అభ్యంతరం బెర్నార్డ్ సూట్స్ వైపు నుంచి వస్తుంది. 1978లో వచ్చిన ది గ్రాస్‌హాపర్ అనే పుస్తకంలో ఆయన ఆటకు ఇచ్చిన నిర్వచనం సారాంశం ఇది: అవసరం లేని అడ్డంకులను కోరి తెచ్చుకుని దాటడానికి ప్రయత్నించడమే ఆట. ఆ లెక్కన 4,967 కోట్ల పాయింట్ల అడ్డంకి ఎంత అనవసరమైతే అంత మంచి ఆట కదా? 99కి పోయేవాడిని తప్పుపట్టడానికి నీవెవరు? ఈ ప్రశ్న న్యాయమైనదే, 99కి పోయేవాడిని నేను తప్పుపట్టను కూడా. కొండ ఎక్కేవాడిని హెలికాప్టర్ లేదా అని అడగం. కాకపోతే వాడు పొదుపు మాట ఎత్తితేనే చిక్కు. కష్టమే కోరుకున్నవాడికి కష్టం తగ్గించుకునే కిటుకులు ఎందుకు? 99 అనేది నిష్ఠ, మొండిపట్టు, సరే. దాన్ని సమర్థత పేరుతో పిలవకూడదు. తొమ్మిది స్కిల్ పాయింట్ల కోసం సగానికి మించిన శ్రమ పెట్టడం ఏ కొలత ప్రకారమూ పొదుపు కాదు. సమర్థంగా ఆడదలచినవాడి ప్రణాళికలో ఆఖరి వాక్యం ‘ఇక్కడ ఆగాలి’ అన్నది. డయాబ్లో 2లో ఆ చోటు ఎనభైల్లో ఎక్కడో ఉంటుంది: ముఖ్యమైన నైపుణ్యం ఇరవై పాయింట్లతో నిండి, దానికి బలమిచ్చే సినర్జీలూ నిండి, డాలు ఎత్తగలిగిన తర్వాత. ఆపై పాత్రను మార్చేది దొరికే వస్తువులే గాని లెవెళ్లు కావు.

నియమం ఆటగాడి కాళ్లను ఎటు తిప్పుతుందో 2022లో మరోసారి తేలింది. అంతకుముందు 1.10 నియమాల ప్రకారం రాక్షసుడు పాత్ర కంటే ఐదు లెవెళ్లకు మించి కింద ఉంటే పాయింట్లు పడిపోయేవి. పది తేడా ఉంటే నూటికి ఐదే. ప్రాంతాల లెవెళ్లలో అత్యధికం 85 కాబట్టి, 96 దాటినవాడికి చెప్పుకోదగ్గ పాయింట్లు ఇచ్చేది డయాబ్లో, నిహ్లాథాక్, బాల్ అనే పెద్ద రాక్షసులు ముగ్గురే. అంత పెద్ద లోకం మూడు గదులకు కుదించుకుపోయింది. 2021లో తిరిగి వచ్చిన రిసరెక్టెడ్ రూపానికి మరుసటి ఏడు టెర్రర్ జోన్లు చేర్చారు: వంతులవారీగా ఒక్కో ప్రాంతంలోని రాక్షసులు ఆటగాడి లెవెల్‌కి తగ్గట్టు బలపడతారు. దీంతో 99 చౌకబడిందని పాత కాపులు గొణిగారు. చౌకబడిన మాట నిజమే, కానీ ఏళ్లతరబడి ఎవరూ తొక్కని గుహలకు మళ్లీ మనుషులు వచ్చారు. ఆట మొదటి ఇరవై రెండేళ్లలో పాయింట్ల నియమాలకు జరిగిన మార్పుల్లో నా దృష్టిలో ఇదే ఉత్తమమైనది.