నిద్రాళువు దోషి యగునా?

కూచిపూడిలో రాత్రి యనునది ఒకప్పుడు మేలుకొనుటకే యేర్పడినట్లుండెడిది. సిద్ధేంద్రయోగి నాటిన సంప్రదాయమును నిలిపిన భాగవతులు పొద్దుగ్రుంకిన పిమ్మట కాగడాల వెలుతురున ఆరంభించిన భామాకలాపము కోడికూతవఱకు సాగుచుండగా, చంటిబిడ్డలతో చాపలు పఱచుకొని కూర్చున్న జనము నడుమనడుమ కునుకుచు, మద్దెల మ్రోతకు ఉలికిపడి లేచుచు, కథను మాత్రము విడువక వినుచుండిరి. మఱునాటి పగలు ఆడినవాడు నిద్రించినను, చూచినవాడు నిద్రించినను తప్పుపట్టినవారు లేరు. అది రాత్రి మిగిల్చిన బాకీ యని యెల్లరు నెఱుగుదురు.

ఈ బాకీ లేనివాడొకడు కలడు. రాత్రి కంటినిండ నిద్రించి లేచియు, పాఠము వినుచు, అన్నము కలుపుకొనుచు, తుదకు ఎదుటివానితో మాటలాడుచునే నిద్రలోనికి జారిపోవును. ఇది ఒకనాటి ముచ్చట గాక నెలల తరబడి, ఏండ్ల తరబడి సాగును. వానిని మనము సోమరి యందుము, మొద్దునిద్ర యందుము, కుంభకర్ణుడని పరిహసింతుము. కొంచెము చదువుకొన్నవారు భగవద్గీత పదునాలుగవ అధ్యాయమును స్మరించి, తమోగుణము ప్రమాదాలస్యనిద్రలచేత దేహిని బంధించునని భగవంతుడే సెలవిచ్చెను గదా యని తీర్పు చెప్పుదురు. నిద్ర తమస్సుయొక్క కార్యమే యైనచో, దానిని ఆపుకొనజాలనివాడు దోషి యగునా? ఈ ప్రశ్నను తేలికగా త్రోసివేయరాదు; దీని యుత్తరముమీద ఒక్కొక్కని చదువు, కొలువు, వివాహము, మానము ఆధారపడి యున్నవి.

ముందుగా శాస్త్రము నడుగుదము. పతంజలి చిత్తమును చెదరగొట్టు తొమ్మిది అంతరాయములను లెక్కించుచు వ్యాధిని మొట్టమొదట నిలిపెను. ఆలస్యమును వేఱుగా, అయిదవ స్థానమున చెప్పెను. రెండును ఒకటే యైనచో రెండుమాఱులు చెప్పుట యేల? చరకుడు ఇంకను స్పష్టముగా పలికెను. సూత్రస్థానము 21వ అధ్యాయమున నిద్రను ఆఱు విధములుగా విభజించి, తమస్సువలన పుట్టినదానిని మాత్రమే పాపమూలమనెను. రాత్రిస్వభావమున వచ్చుదానిని ప్రాణికోటిని పోషించు తల్లిగా కీర్తించెను. తక్కినవానిని వ్యాధులలో చేర్చెను. కాబట్టి పూర్వులు రోగమును పాపమని భ్రమించిరనుట అన్యాయము. వారు గీసిన గీతను చెఱిపివేసినవారము మనమే. మన యిండ్లలోని స్త్రీలు తరతరములుగా పాడుకొన్న కథలో ఊర్మిళాదేవి 14 సంవత్సరములు నిద్రించినది. ఆమెను సోమరి యన్న నోరు తెలుగునాట లేదు.

1880లో ఫ్రాన్సు దేశపు వైద్యుడు గెలినో ఇట్టి వ్యాధి యొకదానికి నార్కోలెప్సీ యని పేరుపెట్టెను. కారణము తెలియుటకు ఇంచుమించు 120 ఏండ్లు పట్టినది. మెదడులో హైపోథలమస్ అను భాగమున మెలకువను నిలకడగా నుంచు ఓరెక్సిన్ అను ద్రవ్యము కలదని 1998లోను, వ్యాధిగ్రస్తులలో పెక్కుమందికి దానిని పుట్టించు కణములు నశించినవని 2000లోను కనుగొనిరి. వీరిలో కొందఱు మనసార నవ్వినంతనే మోకాళ్లు సడలి, దవడ జాఱి, కూలిపోవుదురు; స్పృహ మాత్రము తప్పదు. భామాకలాపమున మాధవి చతురోక్తికి సభ యంతయు నవ్వుచుండగా ఒకడు చాపమీద ఒరిగిపోయి, మూర్ఛ యని కొందఱు, గాలి సోకిన దని కొందఱు ముఖమున నీళ్లు చల్లుచుండగా, ఆ మాటలన్నియు వినుచునే బదులు పలుకలేక పడియుండుట యెంతటి దుఃస్థితియో తలచిచూడుడు. మాండూక్యము జాగ్రత్స్వప్నసుషుప్తులను వేర్వేఱు పాదములుగా నిరూపించినది. కలగను వేళ దేహమును కదలనీయక పట్టియుంచు సడలింపు ఇక్కడ జాగ్రత్తులోనికి చొచ్చుకొనివచ్చినది. అవస్థల నడుమ గట్టు తెగినను చూచుచున్న సాక్షి తెగలేదు. వేదాంతమును పుస్తకములలో చదివినవారికంటె ఈ రోగియే ఆ సత్యమును దగ్గఱగా నెఱిగినవాడని నాకు తోచును.

ఇక కొలత. 1991లో మెల్బోర్న్ నగరమున ముర్రే జాన్స్ అను వైద్యుడు కూర్చిన ఎప్‌వర్త్ ప్రశ్నావళిలో ఎనిమిది సందర్భము లుండును: చదువుకొనుచు, భోజనానంతరము ఊరకకూర్చుండి, గంటసేపు బండిలో ప్రయాణించుచు, ఒకరితో మాటలాడుచు కునుకుపట్టు నవకాశ మెంత యని యడిగి, ఒక్కొక్కదానికి సున్న మొదలు మూడు వఱకు వేయుదురు. మొత్తము 24లో పది దాటినచో శ్రద్ధ వహింపవలెను. పామర్రునుండి చల్లపల్లి పోవు బస్సులో కునుకనివా డరుదు; మాటలాడుచు మాటలోనే నిద్రించువాడు మాత్రము ఎక్కడనైనను రోగియే కావచ్చును. ఇంకొక పరీక్ష, రాత్రి నిద్రను ఆసుపత్రిలో యంత్రములతో పరిశీలించిన మఱునాడు జరుగును: తలకు తీగలంటించి, రెండేసి గంటల కొకసారి చీకటిగదిలో పడుకొనబెట్టి, నిద్రింపుమని చెప్పి, ఎన్ని నిమిషములకు కన్ను మూతపడునో చూతురు. ఇట్లు నాలుగైదు పర్యాయములు చూడగా సగటు ఎనిమిది నిమిషములకు మించనిచో నిద్రాభారము వ్యాధిస్థాయి నందినదని తలంతురు.

వేఱొక పరీక్ష దీనికి సరిగా ప్రతిలోమము. మసకవెలుతురున 40 నిమిషములు కూర్చుండబెట్టి, మేలుకొని యుండుటకు ప్రయత్నింపుమందురు. ఒకే మనుష్యునిలో ఈ రెండింటి ఫలితములు ఎల్లప్పుడును పొసగవు. నిద్రయొక్క బలము వేఱు, దాని నెదిరించు బలము వేఱు. నేను వెదకుచున్న యుత్తర మిచటనే యున్నది. తమస్సనగా నిద్ర వచ్చుట కాదు, వచ్చినదానికి సంతోషముతో లొంగుట. గోళ్లతో అరచేయి గిల్లుకొనుచు, కన్నులపై నీళ్లు చల్లుకొనుచు, పదిమంది నడుమ నిటారుగా నిలుచుటకు పెనుగులాడువానిలో ఉన్నది తమస్సు కాదు, తపస్సు. మనము సుఖముగా మేలుకొని యుండుటలో అందులో శతాంశమైనను శ్రమ లేదు.

ఈ నార్కోలెప్సీ వ్యాధిని సమూలముగా తొలగించు మందు నేటివఱకు లేదు. మెలకువకు తోడ్పడు మందులు కలవు, వానితోపాటు పగలు వేళ తప్పక తీయు చిన్నకునుకు మేలుచేయునని వైద్యులు చెప్పుదురు. నాట్యము నేర్చుకొనుచున్న బిడ్డ అరమండిలో నిలిచియే తూలుచున్నచో, గురువుగారు తట్టుకఱ్ఱ నెత్తక, ముందు రాత్రినిద్ర సంగతి నడిగి, వైద్యునియొద్దకు పంపి, మధ్యాహ్నపు టభ్యాసమునకు ముందు 20 నిమిషములు అరుగుమీదనే పండుకొననిచ్చినచో చాలును.