అబ్దపూర్తి వేడుక ఎవరిది?

శ్రీమద్భాగవత దశమస్కంధమున ఏడవ అధ్యాయములో ఒక యింటి వేడుక వర్ణింపబడినది. బాలకృష్ణుడు ప్రక్కకు ఒరిగి బోర్లపడిన దినమది. జన్మనక్షత్రమైన రోహిణి కూడ ఆనాడే కలిసివచ్చినది. వ్రేపల్లెలోని గోపికలందరు నందగోపుని యింట చేరిరి. వాద్యములు మ్రోగినవి, విప్రులు మంత్రములు పఠించిరి. యశోదాదేవి బిడ్డకు మంగళస్నానము చేయించి, దానములిచ్చి, కన్నులు మూతపడుచున్న శిశువును బండి క్రింద మెల్లగా పరుండబెట్టి, వచ్చినవారిని ఆదరించుటలో మునిగినది. బిడ్డ మేల్కొని పాలకై యేడ్చినాడు. ఆ యేడుపు తల్లి చెవిని పడలేదు.

తరువాతి కథ భక్తులెల్లరు ఎరిగినదే. లేతపాదము తగిలి బండి తలక్రిందులైనది; దానిలోని పాత్రలన్నియు పగిలినవి. దగ్గర నున్న బాలురు జరిగినది చెప్పినను పెద్దలు నమ్మలేదు. యశోద ఏడ్చుచున్న కొడుకును ఎత్తుకొని, విప్రులచే రక్షామంత్రములు చదివించి, పాలిచ్చినది. శకటాసురభంజనమని మనము కీర్తించు నీ ఘట్టములో శుకమహర్షి ఆ తల్లిని ఒక్క మాటయైనను నిందింపలేదు. అతిథిపూజ ధర్మమే గదా! అయితే ఒక ధర్మమునందు మునిగినవారికి మరియొక ధర్మము పిలుచుట వినబడకపోవచ్చునని మాత్రము ఈ కథవలన తెలియుచున్నది.

బిడ్డకు ఏడాది నిండునప్పుడు గృహస్థునకు ఎదురగు ప్రశ్న యిదియే. నేడు అనేకులు అబ్దపూర్తిని రాత్రివేళ ఫంక్షను హాలులో జరుపుచున్నారు. బిడ్డ నిదురించు వేళకు జరీ దుస్తులు తొడిగి, కన్నులు చెదరు దీపముల నడుమ చేతులు మార్చి చేతులకు అందింతురు. ఫొటో తీయువాడు నవ్వుమనును, బిడ్డ యేడ్చును. ఇందులకై అప్పు చేయువారును కలరు. ఆ అప్పు తీరునప్పటికి బిడ్డ బడికి పోవుచుండును. ఇక మిత్రుల ముచ్చటకై కేకు తెచ్చినను తేవచ్చును గాని, దీపము ఆరినదని పలుకుటకే నోరు రాక కొండెక్కినదని చెప్పుకొను జాతి, పుట్టినరోజున వెలుగును ఊది యార్పనేల?

ఏడాది బిడ్డకు వేడుక తెలియదు గదా, ఇది తల్లిదండ్రుల సంతోషమునకే గదా యని కొందరందురు. ఈ మాటలో నిజము లేకపోలేదు. ఏడాదిపాటు రాత్రులు నిదురకాచిన తల్లి ఒక్కనాడు పదిమందితో ఆనందించుట తప్పు కానేకాదు. తమ సంతోషమునకై చేయుచున్నామని ఎరిగినవారు మితముగనే చేయుదురు. అంతయు బిడ్డ కొరకే యని తమ్ము తాము నమ్మించుకొన్నవారికే హద్దు కానరాదు.

శాస్త్రము చెప్పిన విధి చాల చిన్నది. చంద్రమాసములు పండ్రెండింటికి 354 దినములే గనుక జన్మతిథి సాధారణముగా ఇంగ్లీషు తేదీకంటె పదునొకండు దినములు ముందు వచ్చును. 2023లో అధిక శ్రావణము వచ్చినట్లు నడుమ అధికమాసము పడినచో వెనుకకు జరుగును. తిథియో నక్షత్రమో, ఇంటి సంప్రదాయమును పురోహితుని అడిగి నిర్ణయించుకొనవలెను. ఆనాడు అభ్యంగనము, ఇష్టదైవపూజ, శక్తియున్నచో ఆయుష్యహోమము. అశ్వత్థామ, బలి, వ్యాసుడు, హనుమంతుడు, విభీషణుడు, కృపుడు, పరశురాముడు అను చిరంజీవులను, వారితోపాటు మార్కండేయుని స్మరించి, నువ్వులు బెల్లము కలిపిన పాలను ప్రసాదముగా స్వీకరింతురు. ఏడాది బిడ్డ పెదవులకు ఒక చుక్క తాకించిన చాలును. ఇదంతయు తల్లి యొడిలోనే జరుగును. సంకల్పములో పలుకునది బిడ్డ పేరు, బిడ్డ నక్షత్రము. వచ్చినవారి పేర్లు అందులో లేవు.

బంధువులు నొచ్చుకొందురను భయము పెద్దది. వారిని పిలువవలసినదే, కడుపునిండ భోజనము పెట్టవలసినదే. కాని ఆ పూట వారిని చూచుకొనుటకు మేనమామయో పినతండ్రియో నిలిచినచో తల్లికి వేరొక పని యుండదు. పెద్దలు అక్షతలు వేసి, బిడ్డను ముద్దుల కొరకు లాగుకొనక, దూరమునుండియే దీవించినను ఆయుర్దాయమునకు లోపము రాదు. తిరుమలలో తులాభారము మ్రొక్కుకొన్నవారు నాణెములా బెల్లమా యని ముందుగనే నిశ్చయించుకొని, బిడ్డకు పాలు పట్టి, ఒక నిదుర పోయి లేచిన పిమ్మట త్రాసు కడకు తీసికొనిపోవుట మేలు.